“నాకెట్లొచ్చె నాయనా?” జబ్బుల మూలాలు చెప్పే పుస్తకాల్లో ఏది ఎవరికి?

మూడేళ్ళ కిందట ఎండాకాలంలో అమ్మను ఉరవకొండ దగ్గరి మా ఊరి నుంచి అనంతపురం తీసుకొచ్చి రక్తపరీక్ష చేయిస్తే పరగడుపున షుగర్ 212 వచ్చింది. డాక్టరు గారు చీటీ రాసి, “అన్నం తగ్గించండి, నడవండి” అని తర్వాతి టోకెన్ పిలిచారు. మొత్తం మూడు నిమిషాలు పట్టిందేమో. బయట బెంచీ మీద కూర్చుని, చెప్పుల్లో కాళ్ళు పెట్టుకుంటూ అమ్మ అడిగింది: “మా పుట్టింట్లో ఎవురికీ లేదు, మీ నాయనోళ్ళకూ లేదు. తీపి కూడా నేను పెద్దగా తినేదాన్ని కాదు. నాకెట్లొచ్చె నాయనా?”

నా దగ్గర జవాబు లేదు. దాని కోసం పుస్తకాలు కొనడం మొదలుపెట్టాను, మొదటి పుస్తకమే తప్పు కొన్నాను. బహుమతి వచ్చిందని, అందరూ మెచ్చుకున్నారని క్యాన్సర్ మీద రాసిన లావు పుస్తకం తెచ్చుకున్నా. గొప్ప పుస్తకమే, కానీ అమ్మ అడిగింది దాని గురించి కాదు కదా. మీరు ఆ పొరపాటు చేయకుండా ఉండాలని ఇది రాస్తున్నాను. ఇక్కడ చెప్పేవన్నీ ఇంగ్లీషు పుస్తకాలే, నేను ఇంగ్లీషులోనే చదివాను.

## కొనే ముందు చూసుకోవాల్సినవి

అన్నిటికన్నా ముందు, మీరు అడిగే ‘ఎందుకు’ ఏ రకందో తేల్చుకోండి. మన వీధిలో ఒక పిల్లాడికి డెంగీ వచ్చిందనుకుందాం. ఎందుకొచ్చింది? దోమ కుట్టింది, వైరస్ ఒంట్లోకి పోయింది. ఇదొక జవాబు. కుళాయి నాలుగు రోజులకొకసారి వస్తుంది కాబట్టి ఇంటింటా డ్రమ్ముల్లో నీళ్ళు పట్టి పెట్టుకుంటారు, వాటిలో దోమ గుడ్లు పెడుతుంది. ఇది రెండో జవాబు. రెండోసారి వేరే రకం డెంగీ సోకితే, మొదటిసారి తయారైన యాంటీబాడీలే ఒక్కోసారి ముప్పు పెంచుతాయి. మన రక్షణ వ్యవస్థ అట్లా ఎందుకు చేస్తుందనేది మూడో ప్రశ్న. మూడూ నిజాలే. కానీ ఏ పుస్తకమూ మూడింటికీ సమానంగా జవాబు చెప్పదు. ఒకటి క్రిమిని వెతుకుతుంది, ఒకటి ఊరిని చూస్తుంది, ఒకటి లక్షల ఏళ్ళ వెనక్కి పోయి శరీరాన్ని చూస్తుంది.

రెండోది పుస్తకం వయసు. ఈ విషయంలో పాత పుస్తకాలు త్వరగా పులిసిపోతాయి. జారెడ్ డైమండ్ 1997లో రాసిన ‘గన్స్, జర్మ్స్ అండ్ స్టీల్’లో పశువుల నుంచి మనకొచ్చిన రోగాల మీద ఒక మంచి అధ్యాయం ఉంది. అందులో క్షయ కూడా ఆవుల నుంచే వచ్చిందని ఉంటుంది. తర్వాత బ్యాక్టీరియా జన్యువులను పోల్చి చూస్తే ఆ వరుస నిలబడలేదు. మనుషుల్లో ఉన్న రకం ఆవుల్లోని రకం నుంచి పుట్టింది కాదని తేలింది. ఆ అధ్యాయం మొత్తం పనికిరాదని కాదు, ఏ వాక్యాన్ని ఎంత నమ్మాలో తెలిసి చదవాలి.

మూడోది ఇంగ్లీషు ఎంత కష్టమన్నది. నాలుగోది ఎవరూ చెప్పరు గానీ నాకు ముఖ్యం: చదివాక టెన్షన్ పెరుగుతుందా, తగ్గుతుందా? ఇంట్లో జబ్బు మనిషిని పెట్టుకుని రాత్రి పదకొండుకు చదివేవాళ్ళకు ఇది చిన్న విషయం కాదు.

## ఒక్కో పుస్తకం

ది ఘోస్ట్ మ్యాప్ (స్టీవెన్ జాన్సన్, 2006)

వీటన్నిటిలో మన సీమకు అన్ని విధాలా దూరంగా కనిపించే పుస్తకం ఇదే. 1854 లండన్, బ్రాడ్ స్ట్రీట్, కలరా. కానీ నాకు బాగా పనికొచ్చింది కూడా ఇదే.

అప్పట్లో పెద్ద పెద్దవాళ్ళంతా కలరా దుర్వాసన వల్ల వస్తుందని నమ్మేవారు. జాన్ స్నో అనే డాక్టరు మాత్రం నీళ్ళ మీద అనుమానపడ్డాడు. చనిపోయినవాళ్ళ ఇళ్ళను, వాళ్ళు ఏ పంపు నీళ్ళు తాగేవారో వెంటబడి కనుక్కున్నాడు. పుస్తకంలో నన్ను ఆపేసింది చావుల లెక్క కాదు, చావనివాళ్ళ లెక్క. ఆ పంపు పక్కనే ఉన్న బీరు తయారుచేసే బట్టీలో పనివాళ్ళకు ఏమీ కాలేదు. వాళ్ళు అక్కడి బీరే తాగేవారు, పంపు జోలికి పోయేవారు కారు. పక్కనే ఐదువందల మందికి పైగా ఉన్న పేదల ఆశ్రమంలో (వర్క్‌హౌస్) చావులు వేళ్ళ మీద లెక్కపెట్టేటన్ని. వాళ్ళకు సొంత బావి ఉంది. దూరాన హ్యాంప్‌స్టెడ్‌లో ఉన్న ఒక ముసలామె మాత్రం పోయింది. ఆ పంపు నీళ్ళ రుచి ఇష్టమని ఆమె రోజూ సీసాలో తెప్పించుకునేది. సెప్టెంబరు 8న పంపు పిడి తీసేశారు. అప్పటికే రోగం తగ్గుముఖం పట్టిందని జాన్సన్ దాచకుండా చెప్తాడు, అందుకే ఆయన మీద నమ్మకం కుదురుతుంది. కలరా క్రిమిని జర్మన్ శాస్త్రవేత్త రాబర్ట్ కోచ్ కలకత్తాలో గుర్తించింది 1884లో. అంటే క్రిమి ముఖం తెలియడానికి ముప్పై ఏళ్ళ ముందే కారణం దొరికింది.

ఇది మనకెందుకంటారా? ఫ్లోరైడ్ నీళ్ళతో వచ్చే జబ్బు సంగతి తీసుకోండి. మన దేశంలో దీన్ని మొదట రాసిపెట్టింది 1937లో, అప్పటి నెల్లూరు జిల్లాలో. అనంతపురం జిల్లా ఊళ్ళలోనూ గారపట్టిన పళ్ళు, వంగిన కాళ్ళు చూడనివాళ్ళు తక్కువ. దీనికి క్రిమి లేదు, జన్యువు లేదు, తిండి తప్పూ లేదు. కింద ఉన్న రాయి కారణం. వానలు లేక బోరు లోతు పెంచేకొద్దీ ఫ్లోరైడ్ పెరిగే చోట్లు ఉన్నాయి. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే ప్రమాదమంటారు. కానీ ఒకే ఊళ్ళో ఒక బోరు నీళ్ళు మంచివి, ఇంకోటి విషం. ఏ వీధి పిల్లల పళ్ళు ఎట్లున్నాయి, ఆ వీధి ఏ బోరు నీళ్ళు తాగుతుంది అని కాగితం మీద గుర్తులు పెడితే అది స్నో చేసిన పనే. మా కాలేజీలో ఇద్దరు పిల్లలతో ఒక ఊరికి అట్లాంటి మ్యాపు వేయించాను. పుస్తకం చదవకపోతే ఆ ఆలోచన వచ్చేది కాదు.

లోపం ఉంది. చివరి అధ్యాయాల్లో నగరాల భవిష్యత్తు మీద ఉపన్యాసం మొదలవుతుంది. అక్కడ ఆపేసినా నష్టం లేదు. ఇంగ్లీషు తేలిక, కథలా పోతుంది.

ది ఆరిజిన్స్ ఆఫ్ హ్యూమన్ డిసీజ్ (థామస్ మెక్యోన్, 1988)

పేరుకు తగ్గట్టు మానవ రోగాల మూలాల మీద నేరుగా రాసిన పుస్తకం. మెక్యోన్ బర్మింగ్‌హామ్‌లో సామాజిక వైద్యం ప్రొఫెసర్. ఆయన వాదన వింటే డాక్టర్లకు కొంచెం ముల్లు గుచ్చుకుంటుంది. ఇంగ్లండులో క్షయ చావులు పందొమ్మిదో శతాబ్దం మధ్య నుంచే తగ్గుతూ వచ్చాయి. కోచ్ క్షయ క్రిమిని కనుక్కున్నది 1882లో, స్ట్రెప్టోమైసిన్ మందు వచ్చింది 1940లలో. మందు వచ్చేసరికే చావులు చాలా వరకు తగ్గిపోయాయి. మరి తగ్గించిందెవరు? తిండి, అంటాడాయన. కడుపు నిండినవాడిని క్రిమి అంత తేలిగ్గా చంపలేదని.

సీమలో పుట్టినవాళ్ళకు దీన్ని ఒప్పుకోవడానికి పెద్ద వాదన అక్కర్లేదు. మా జేజి చిన్నప్పుడు విన్న ధాత కరువు కథల్లో, అంటే 1876–78 నాటి కరువులో, ఆకలీ వాంతిభేదీ జంటగానే వస్తాయి. కర్నూలు, కడప, బళ్ళారి జిల్లాలు అప్పుడు బాగా దెబ్బతిన్నాయి. మనుషులు ఆకలితో పోయారా, రోగంతో పోయారా అని విడదీసి చెప్పడం కుదరదు.

అయితే మెక్యోన్ అన్నీ తిండి ఖాతాలో వేసేశాడని తర్వాతివాళ్ళు పట్టుకున్నారు. సైమన్ స్రెటర్ అనే చరిత్రకారుడు, మురుగుకాలువలూ మంచినీళ్ళూ మునిసిపాలిటీలూ చేసిన పనిని ఆయన తక్కువ చేశాడని 1988లోనే వాదించాడు. నా మట్టుకు ఇంకో చిక్కు కనిపించింది. మెక్యోన్ జబ్బులను పేదరికపు జబ్బులు, సంపద జబ్బులు అని వేరు చేస్తాడు. మన దగ్గర ఆ రెండు గంపలూ ఒకే మనిషి నెత్తిన ఉంటాయి. కూలికి పోయే నలభై ఐదేళ్ళ మనిషికి షుగర్ ఉంటుంది, దాని వెనకే టీబీ వస్తుంది. షుగర్ ఉన్నవాళ్ళకు టీబీ ముప్పు రెండు మూడు రెట్లు ఎక్కువ. ఆయన్ని ఏ గంపలో వేస్తారు?

భాష పొడి. కథలుండవు. కానీ ఆలోచన పద్ధతిగా నడుస్తుంది.

ది స్టోరీ ఆఫ్ ద హ్యూమన్ బాడీ (డేనియల్ లీబర్‌మన్, 2013)

అమ్మ ప్రశ్నకు దగ్గరగా వచ్చిన పుస్తకం ఇదే. లీబర్‌మన్ హార్వర్డ్‌లో మానవ పరిణామం చదివే మనిషి. ఆయన మాట సూటిగా చెప్పాలంటే: మన ఒళ్ళు ఒక బతుక్కు అమరింది, మనం ఇంకో బతుకు బతుకుతున్నాం. ఆ తేడాలోంచి వచ్చేవే షుగరు, నడుము నొప్పి, దగ్గరి చూపు, పుచ్చిపోయే పళ్ళు. దీనికి ఆయన ఇంకో మాట కలుపుతాడు. కారణాన్ని వదిలేసి లక్షణానికి మందేసుకుంటూ పోతే, అదే బతుకును, అదే జబ్బును పిల్లలకూ ఇస్తామని.

చదువుతుంటే మా ఇల్లు కనబడింది. జేజి తిన్నది జొన్నరొట్టె, కొర్రన్నం, రాగిసంగటి. వరి అన్నం పండక్కే. 1983లో రెండు రూపాయల బియ్యం వచ్చాక మెల్లగా మూడుపూటలా తెల్లన్నం అయ్యింది. ఆ బియ్యాన్ని నేను తప్పుపట్టను, ఆకలి చూసినవాళ్ళెవరూ తప్పుపట్టరు. కానీ చేను పోయింది, నడక పోయింది, పళ్ళెంలో బియ్యం మిగిలింది. టీవీ ముందు కూర్చోవడం దానికి తోడైంది. తీపి తినని మనిషికి షుగర్ ఎట్లా వస్తుందో అప్పుడు కొంత అర్థమైంది.

ఒకటి మాత్రం ఈ పుస్తకం వెంట నేనే వెతుక్కుని చదవాల్సి వచ్చింది. కడుపులో ఉన్నప్పుడు తిండి చాలక తక్కువ బరువుతో పుట్టినవాళ్ళకు పెద్దయ్యాక గుండెజబ్బు, షుగరు ఎక్కువని డేవిడ్ బార్కర్ ఇంగ్లండులో చూపించాడు. పుణేలో డాక్టర్ యాజ్ఞిక్ బృందం మన పిల్లలు చూడ్డానికి బక్కగా పుట్టినా ఒంట్లో కొవ్వు పాలు ఎక్కువని చెప్పింది. అమ్మ పుట్టింది 1966లో, వానల్లేని ఏడాది. లీబర్‌మన్ రాసింది ముఖ్యంగా తిండి ఎక్కువైన అమెరికన్ల కోసం. లేమిలో పుట్టి తర్వాత బియ్యంలో పడ్డ మన తరం కోసం కాదు.

జాగ్రత్త ఒకటి. దీన్ని చదివి “కొర్రలు తింటే షుగర్ పోతుంది” అనే యూట్యూబ్ వీడియోల వైపు జారిపోకండి. ఆయన అట్లా ఎక్కడా అనడు. అమ్మ మాత్ర ఆపలేదు, ఆపనివ్వలేదు.

వై వుయ్ గెట్ సిక్ (రాండాల్ఫ్ నెస్, జార్జ్ విలియమ్స్, 1994)

లీబర్‌మన్‌కు ఇది అన్న లాంటిది. శరీరం ఇంత నేర్పుగా తయారైతే, ఇన్ని లోపాలు ఎందుకు మిగిలాయని అడుగుతుంది. జ్వరం రోగం కాదు, రోగం మీద ఒళ్ళు చేసే యుద్ధం. దగ్గూ అంతే. వేవిళ్ళ గురించి రాసిన పేజీలు మా చెల్లెలికి చదివి వినిపించా. బిడ్డ అవయవాలు ఏర్పడే తొలి నెలల్లోనే వాంతులు ఎక్కువ ఎందుకుంటాయి, చేదు, ఘాటు వాసనలు ఎందుకు పడవు అని. ఆసక్తిగా వింది, తర్వాత “మరి తగ్గేదెట్లా?” అంది. దానికి పుస్తకంలో పెద్దగా ఏమీ లేదు. ఈ పుస్తకం తీరే అంత.

చాలా ఊహలు అప్పటికి పరీక్షించి చూడనివి, రచయితలే ఆ మాట ఒప్పుకుంటారు. ఇంకో ప్రమాదం: జ్వరం మంచిదే కదా అని పిల్లాడికి మూడు రోజులు చూస్తూ కూర్చోవడం. డెంగీ కాలంలో అట్లా చేయొద్దు.

ది ఎంపరర్ ఆఫ్ ఆల్ మాలడీస్ (సిద్ధార్థ ముఖర్జీ, 2010)

నేను మొదట తప్పు కొన్నది ఇదే. 2011లో పులిట్జర్ వచ్చింది. క్యాన్సర్ జీవితచరిత్ర. మన భీమవరంలో పుట్టిన శాస్త్రవేత్త యల్లాప్రగడ సుబ్బారావు చేసిన పని, అమెరికన్ డాక్టరు సిడ్నీ ఫార్బర్ పిల్లల రక్తక్యాన్సర్ వైద్యానికి ఎట్లా దారి తీసిందో ఇందులో వస్తుంది. తెలుగువాళ్ళకు అక్కడ కాసేపు ఆగాలనిపిస్తుంది.

కారణాల కోసమే చదివేవాళ్ళు మొదటి నుంచి పోనక్కర్లేదు. నాలుగో భాగం తీయండి. 1775లో పొగగొట్టాలు తుడిచేవాళ్ళలో క్యాన్సర్‌ను మసితో ముడిపెట్టిన పెర్సివల్ పాట్, 1950లో సిగరెట్‌నూ ఊపిరితిత్తుల క్యాన్సర్‌నూ లెక్కలతో కలిపిన డాల్, హిల్ అక్కడ ఉంటారు. ఐదో భాగంలో మన సొంత జన్యువులే ఎట్లా దారి తప్పుతాయో ఉంటుంది. సిగరెట్ గురించి ఉన్నంత వివరం వక్కాకు, గుట్కా గురించి దొరకదు. మన నోటి క్యాన్సర్లకు అదే కావాలి.

ఇంట్లో ఇప్పుడు క్యాన్సర్ మనిషి ఉంటే, బెంగళూరుకో వేలూరుకో తిరుగుతుంటే, ఇది ఇప్పుడే వద్దు. చికిత్సల చరిత్రలో చావులు చాలా ఉన్నాయి. ఒక ఏడాది ఆగండి.

ది హెల్త్ గ్యాప్ (మైకేల్ మార్మాట్, 2015)

లండన్ ప్రభుత్వ ఉద్యోగుల మీద చేసిన వైట్‌హాల్ పరిశోధనతో పేరొచ్చిన మనిషి. అందరికీ ఉద్యోగముంది, జీతముంది. అయినా అట్టడుగు మెట్టు మీద ఉన్నవాళ్ళలో చావులు పైమెట్టు వాళ్ళకన్నా దాదాపు మూడు రెట్లు. మధ్యలో ఉన్నవాళ్ళకు మధ్యస్థంగా. సిగరెట్, కొలెస్ట్రాల్ లెక్క తీసేసినా ఆ తేడా చాలావరకు మిగిలింది. మన కలెక్టరేట్‌లో అటెండరు నుంచి డిప్యూటీ కలెక్టరు దాకా మెట్లు ఊహించుకుంటే విషయం వెంటనే ఎక్కుతుంది. చెప్పిందే చెప్తాడు, అదొక్కటే విసుగు.

స్పిల్‌ఓవర్ (డేవిడ్ క్వామెన్, 2012)

జంతువుల నుంచి మనుషులకు దూకే రోగాల మీద. కోవిడ్‌కు ఏడెనిమిదేళ్ళ ముందే వచ్చింది, అయినా కోవిడ్ చూసి రాసినట్టుంటుంది. బంగ్లాదేశ్‌లో రాత్రిపూట ఈత చెట్టుకు కట్టిన కుండల్లో గబ్బిలాలు మూతి పెట్టడం, ఆ పచ్చి రసం తాగినవాళ్ళకు నిపా రావడం చదివాక మా ఊరి చెట్ల కింద ముంతలు గుర్తొచ్చాయి. గొర్రెల కాపరుల ఇళ్ళ పిల్లలకు, వెటర్నరీ చదివేవాళ్ళకు, దొమ్మరోగం (ఆంత్రాక్స్) పేరు విన్నవాళ్ళకు ఇది పట్టి చదివిస్తుంది. లావు పుస్తకం, కానీ డిటెక్టివ్ నవల్లా పోతుంది. అనుమానం మనుషులు రాత్రిళ్ళు చదవకండి.

## ఒక చూపులో

| పుస్తకం | ఏ ‘ఎందుకు’? | ఇంగ్లీషు | టెన్షన్ | మన సీమకు |
|---|---|---|---|---|
| ఘోస్ట్ మ్యాప్ | ఈ వీధికే ఎందుకు? | తేలిక | తక్కువ | పద్ధతి అచ్చంగా పనికొస్తుంది |
| మెక్యోన్ | కాలాన్ని బట్టి రోగాలు ఎందుకు మారాయి? | పొడి, మధ్యస్థం | లేదు | కరువు చరిత్రతో కలిపి చదవాలి |
| లీబర్‌మన్ | మన ఒంటికీ బతుక్కీ ఎందుకు పొసగదు? | తేలిక | కొంచెం | షుగర్ ఇళ్ళకు దగ్గర |
| నెస్, విలియమ్స్ | శరీరం ఇట్లా ఎందుకుంది? | మధ్యస్థం | తక్కువ | ఆలోచనకు |
| ముఖర్జీ | కణం ఎందుకు తిరగబడింది? | కష్టం | ఎక్కువ | నాలుగు, ఐదు భాగాలు |
| మార్మాట్ | కొందరికే ఎందుకు ఎక్కువ? | మధ్యస్థం | కోపం వస్తుంది | చాలా దగ్గర |
| స్పిల్‌ఓవర్ | క్రిమి ఎక్కడి నుంచి దూకింది? | తేలిక, కానీ లావు | ఎక్కువ | పశువులున్న ఇళ్ళకు |

## మరి మీకేది?

కర్నూలు మెడికల్ కాలేజీలో మొదటి, రెండో ఏడు చదువుతున్నవాళ్ళు నెస్, విలియమ్స్‌తో మొదలుపెట్టండి. పాఠ్యపుస్తకాలు మీకు ‘ఎట్లా’ చెప్తాయి, ఇది ‘ఎందుకు’ అడగడం నేర్పుతుంది. పాతబడ్డ చోట్లు మీ సార్లే చెప్తారు. కమ్యూనిటీ మెడిసిన్ పోస్టింగ్ వచ్చేసరికి ఘోస్ట్ మ్యాప్, మార్మాట్ చదివుంటే సర్వే ఫారాలు నింపడం శిక్షలా అనిపించదు.

నీట్ రెండోసారి రాస్తున్న పిల్లలకు నేనేమీ ఇవ్వను. పరీక్ష అయ్యాక రండి. అప్పుడు స్పిల్‌ఓవర్ ఇస్తా.

ఇంట్లో షుగరు, బీపీ ఉండి, “ఎందుకొచ్చింది” అనే మాట తలలో తిరుగుతున్నవాళ్ళకు లీబర్‌మన్. మొత్తం ఓపిక లేకపోతే పరిణామం కథ దాటేసి రెండో సగం నుంచి చదవండి. సైన్సు టీచర్లకు, పంచాయతీ పనుల్లో తిరిగేవాళ్ళకు, ఆశా కార్యకర్తల ఇళ్ళలో ఇంగ్లీషు వచ్చిన పిల్లలకు ఘోస్ట్ మ్యాప్, అనుమానం లేకుండా.

రెండింటి మధ్య ఇరుక్కున్నవాళ్ళు నన్ను ఎక్కువగా అడిగేది లీబర్‌మనా, మార్మాటా అని. ఇద్దరూ జబ్బులు ఎందుకొస్తాయనే చెప్తారు, కానీ వేలు పెట్టి చూపించే చోటు వేరు. లీబర్‌మన్ చదివితే మీ పళ్ళెం, మీ నడక మారతాయి. మార్మాట్ చదివితే, నడవడానికి రోడ్డు పక్కన చోటు లేని ఊళ్ళో “నడవండి” అని చీటీ రాయడం ఎంత తేలికో తెలుస్తుంది. సొంతానికైతే మొదటిది, పదిమంది కోసం పనిచేసేవాళ్ళకైతే రెండోది.

మెక్యోన్ కొత్త ప్రతి కోసం డబ్బులు తగలేయకండి. నాకు పాత పుస్తకంగా దొరికింది, అట్ట చిరిగింది, ఎవరో విద్యార్థి పెన్సిలుతో గీతలు కొట్టాడు. తిండి గురించిన ప్రతి వాక్యం పక్కనా ఒక ప్రశ్నార్థకం పెట్టాడు. ఆ ప్రశ్నార్థకాలతో కలిపి చదవడమే మేలనిపించింది.